లేని పేర్లకు అర్థాలు

ఈ లోకంలో తిరుగుతున్న అబద్ధాల్లో ఒకదాన్ని కన్నది నేనే. అది పుట్టిన గది నాకు గుర్తుంది. ఆ మధ్యాహ్నం నేను తిన్న చింతకాయ తొక్కు అన్నం కూడా గుర్తుంది. ఇన్నేళ్లలో అది ఎక్కడో దిక్కులేకుండా చచ్చిపోయి ఉంటుందిలే అని నిమ్మళంగా ఉన్నాను. మొన్న నారపల్లిలో మా అన్న ఇంటికి బాలింతను చూడబోతే, ఫోన్ తెర మీద నిగనిగలాడుతూ నా ఎదుటికే వచ్చింది.

బాలింత మా అన్న కూతురు అఖిల. పురిటికి తల్లిగారింటికి వచ్చింది. ఆడపిల్ల పుట్టి పదిహేడు రోజులు. గది నిండా వాము, వెల్లుల్లి, సాంబ్రాణి పొగ కలిసిన వాసన. పిల్లను ఒళ్లోకి తీసుకుని ముక్కు ఎవరి పోలికో చూస్తూ ఉంటే అఖిల ఫోన్ నా ముఖం మీదికి జాపింది.

"అత్తా, పేరు దొరికింది. హస్త నక్షత్రం మూడో పాదమని అయ్యగారు చెప్పిండు. 'ణ'తోని రావాల్నంట. ఎంత దేవులాడినా దొరకలె. ఆఖరికి గిది దొరికింది, సూడు."

ణైరిక. సంస్కృత నామం. అర్థం: తొలి వాన వాసన.

"మస్తుంది గదా? పాతకాలం పేరంట అత్తా. పురాణాలల్ల ఉన్నదంట."

అరికాలి మంట నెత్తికెక్కింది. ఏ పురాణం? ఉప్పల్ రింగురోడ్డు పక్కన జిరాక్స్ మిషన్ వెనక, సరిగా తిరగని ఫ్యాన్ కింద కూర్చుని నేను చేసిన పురాణం! బాలింత దగ్గర గొంతు లేపకూడదు కదా. పిల్లను తల్లి పక్కన పడుకోబెట్టి, "జర ఉండు, ఇప్పుడే వస్తా" అని పక్క గదిలోకి పోయాను. ఆ గదిలో మంచం కింద మా అమ్మ సందూక ఉంది. ఆమె పోయి ఇన్నేళ్లయినా దాన్ని ఎవరూ పారేయలేదు, ఎవరూ తెరవలేదు కూడా. బయటికి లాగి దాని మీదే కూర్చున్నాను. మూత ఎత్తడానికి నాకూ చెయ్యి రాలేదు.

ఆ సందూక ఒకప్పుడు నాచారంలో మా కిరాయి ఇంట్లో తలుపు వెనక ఉండేది. రెండు గదులు, ఐదుగురు మనుషులం: అమ్మ, అన్న, వదిన, అప్పటికి చిన్నపిల్ల అఖిల, నేను. మల్లాపూర్‌లో లేత్ మిషన్ మీద పనిచేసిన నాన్న అప్పటికే పోయాడు. పొద్దున మమ్మల్ని లేపేది అమ్మ జొన్నరొట్టె చరిచే చప్పుడు. బోరు నీళ్లు పట్టి, వాకిలి ఊడ్చి, చాయ మరగబెట్టి, అందరి రొట్టెలూ గుడ్డలో చుట్టి పెట్టాక గాని ఆమె తన జడ వేసుకునేది కాదు. తర్వాత చెప్పులు టపటపలాడించుకుంటూ మల్లాపూర్ పోయేది. అక్కడ ఒక చిన్న బిస్కెట్ల కంపెనీలో ప్యాకింగ్ పని. సాయంత్రం ఇంటికి వస్తే చీర నిండా వెన్న, వెనిలా వాసన. అఖిల ఆమె కొంగులో ముఖం పెట్టి "నానమ్మ కేకు, నానమ్మ కేకు" అని ఎగిరేది. ఒంటినిండా అంత తీపి వాసన వేసే మనిషి, తను మాత్రం పచ్చిమిరపకాయ కొరుక్కుంటూ చల్లటి జొన్నగటక తాగేది. బిస్కెట్ ముక్క నోట్లో పెట్టుకోగా నేను చూడలేదు.

ఆమె పేరు బిచ్చమ్మ. చదవడం రాదు, రాయడం రాదు, కాని ఆ పేరు వింటే ఎవరి మూతి ఎట్లా వంకర తిరుగుతుందో ఆమెకు బాగా తెలుసు. రేషన్ షాపులో ఆ పేరు పిలవగానే వెనక ఎవడో ఒకడు కిసుక్కుమనేవాడు. దవాఖానాలో చీటీ రాసేవాడు "అసలు పేరు చెప్పమ్మా" అన్నాడు, ఇదేదో దొంగ పేరైనట్టు. కంపెనీ సూపర్‌వైజర్ పొద్దున్నే ఆ మాట పలకడం ఇష్టంలేక తనంతట తనే రిజిస్టర్‌లో 'లక్ష్మి' అని రాసుకున్నాడు. వాళ్లంతా పరాయివాళ్లు, పోనీ అనుకుందాం. మా అన్న! తన పెళ్లి కార్డులో తల్లి పేరు శ్రీమతి భాగ్యలక్ష్మి అని అచ్చు వేయించాడు. నేనే చదివి చెప్పాను అమ్మకు. ఆమె చేట పక్కన పెట్టి, "గీ భాగ్యలక్ష్మి ఎవలురా? నీకు ఇంకో తల్లున్నదా?" అని అడిగింది. అన్న మొహం మాడ్చుకుని కార్డులు పంచడానికి బయటికి పోయాడు. ఆ కార్డులు అట్లాగే పంచారు.

డిగ్రీ అయ్యాక నాకు ఉప్పల్‌లో పని దొరికింది. ముందు గదిలో జిరాక్స్, లామినేషన్. వెనక గదిలో పేర్ల వ్యాపారం. యజమాని సుదర్శనం సార్, వరంగల్ వైపు మనిషి. అంతకు ముందు ఎక్కడో గుమస్తాగా చేశాడట. నోట్లో ఎప్పుడూ పాన్ ఉండేది. పిల్ల పుట్టిన సమయం చెప్తే నక్షత్రం, పాదం చూసి, అక్షరం తీసి, ఆ అక్షరంతో పేర్లు, వాటి అర్థాలు గులాబి రంగు కాగితం మీద ప్రింటు తీసి లామినేట్ చేసి ఇచ్చేవాడు. ఆ జాబితాలన్నీ కలిపి పుస్తకంగా వేయాలని ఆయన కోరిక. ఏ పేరు ఎక్కడి నుంచి వచ్చింది, దాని అర్థమేమిటి అన్నది సరిచూడటానికి, తెలుగు చదువుకున్న పిల్లనని నన్ను పెట్టుకున్నాడు. "స్వరూపా, ఒక్క తప్పు ఉండొద్దు. పసిపిల్లల బతుకులు గివి" అన్నాడు మొదటి రోజు. నేను నమ్మాను. ఆ వయసులో ఎవరు ఏం చెప్పినా నమ్మేదాన్ని.

అట్ట ఊడిన తెలుగు నిఘంటువు ఒకటి, మా కాలేజీ మేడం దగ్గర అడిగి తెచ్చుకున్న సంస్కృత నిఘంటువు ఒకటి. ఇవి ముందేసుకుని కూర్చునేదాన్ని. వాటిలో దొరకనివి చీటీ మీద రాసుకుని, సెలవు రోజు బస్సెక్కి సిటీలో లైబ్రరీకి పోయేదాన్ని. సార్ జాబితాల్లో అర్థాలు మొత్తం నాలుగే: వెలుగు, పవిత్రత, లక్ష్మీదేవి, తెలివి. ఏ పేరు పక్కన ఏది తోస్తే అది పడేసి ఉంది. ఒక్కొక్కటే కొట్టేసి నిజం రాస్తూ పోయాను. సీత అంటే నాగటి చాలు. కృష్ణ అంటే నలుపు. అపర్ణ అంటే తపస్సులో ఆకు కూడా తినడం మానేసిన పట్టుదల మనిషి. రాస్తుంటే నాకే ఒళ్లు పులకరించేది. రోజూ పిలిచే పేర్లలో ఇంత మన్ను, ఇంత ఆకలి, ఇంత రంగు ఉన్నాయా అని.

సార్ ఆ కాగితాలు చదివి కళ్లజోడు తీశాడు. "నాగటి చాలంటే ఎవలు కొంటరమ్మా? 'పవిత్రురాలు' అని కొట్టు. కృష్ణ అంటే నలుపా? తెల్లటి పిల్లగానికి గదేం పేరని మన మీదికి తిరిగొస్తరు. 'మనసు దోచేవాడు'. రాస్కో."

"సార్, నిఘంటువుల గట్ల లేదు సార్."

"నిఘంటువు షాపుకొచ్చి పేరడుగుతదా?"

రాసుకున్నాను. మొదటిసారి నిఘంటువు మూసేసి రాశాను. రెండోసారికి అలవాటైంది.

నక్షత్రాల అక్షరాల్లో కొన్ని ఏ పేరుకూ మొదట రావు. ఆరుద్ర మూడో పాదానికి ఙ, హస్త మూడో పాదానికి ణ, నాలుగో పాదానికి ఠ. పాతవాళ్లకు ఈ సంగతి తెలుసు. పక్క పాదం అక్షరమో, ఇంటి దేవుడి పేరో పెట్టుకుని హాయిగా ఉండేవాళ్లు. అచ్చేసిన చార్టులు గోడలకెక్కాక ఆ వెసులుబాటు పోయింది. చార్టులో ణ ఉంటే ణ కావలసిందే. ఒక మధ్యాహ్నం నాచారం నుంచే ఒక జంట వచ్చింది, గుంటూరు వైపు వాళ్లు. ఆమె ఒళ్లో నెలలోపు పిల్ల, కళ్ల నిండా నీళ్లు. "ఎక్కడికెళ్లినా ఆ అక్షరంతో పేరు లేదంటున్నారండీ. మా అత్తగారేమో అదే కావాలంటున్నారు. రేపే బారసాల. మీరే ఎలాగైనా చూడాలండీ" అంది.

"మా అమ్మాయి పెద్ద పండితురాలు. పాత గ్రంథాలు చూసి చెప్తది. మీరు జర చాయ తాగుండ్రి" అని సార్ వాళ్లను బయట కుర్చీల్లో కూర్చోబెట్టాడు. లోపలికి వచ్చి గొంతు తగ్గించి, "ఏదన్న ఒకటి కుట్టు" అన్నాడు. రవికె కుట్టమన్నట్టు.

నిఘంటువు తిరగేస్తే గైరికం అనే మాట కనిపించింది. జేగురు, ఎర్రమన్ను అని అర్థం. దానిలోంచి గ తీసి ణ పెట్టాను. ఎర్రమన్ను మీద వాన పడితే వచ్చే వాసన ముక్కుకు తగిలినట్టై 'తొలి వాన వాసన' అని రాశాను. పక్కన 'సంస్కృతం' అని చేర్చాను. తీసుకొచ్చిన అన్నం డబ్బాకు ఇంకా మూత పెట్టలేదు, అంతలో పేరు అయిపోయింది. ఆవిడ ఆ గులాబి కాగితం కళ్లకద్దుకుంది. నాకు సిగ్గు రావాలి కదా? రాలేదు. మురిసిపోయాను. ఆ సాయంత్రం అమ్మకు చెప్పి గొప్పలు పోయాను కూడా: "లేని పేరు పుట్టించిన అమ్మా ఇయ్యాల. అర్థం గూడ నేనే రాసిన." అమ్మ రొట్టె తిప్పుతూ, "లేని పేరుకు అర్థమెట్లుంటది బిడ్డా?" అంది. నేను నవ్వేశాను. తర్వాత ఠ-కు, ఙ-కు కూడా కుట్టాను. చెయ్యి తిరిగిన దర్జీనైపోయాను.

అమ్మకు మాత్రం నా పని అంటే లోపల గర్వం. పొయ్యి ముందు కూర్చుంటే ఆమె అడిగే మొదటి మాట, "ఇయ్యాల ఏ పేరుకు అర్థం దొరికింది?" సీత అంటే నాగటి చాలు అని చెప్పిన రోజు ఆమె ముఖం చూడాలి. "గట్లనా! చాల్ల దొరికిన బిడ్డ గదా. మరి గదే పేరు పెడ్తరు, ఇంకేం పెడ్తరు?" అంది. సార్‌కు అక్కర్లేని అర్థం, అక్షరం ముక్క రాని మా అమ్మకు ఎంత సులువుగా అందిందో! నేను అర్థం దొరకని పేర్లు చెప్పి పందెం కట్టేదాన్ని. ఆమె ఊహించి చెప్పేది. సగం తప్పులే, కాని ఆ తప్పులు కూడా మా షాపు ఒప్పుల కన్నా బాగుండేవి. మా ఇద్దరికీ అది రోజూ అయ్యే పండుగ.

అట్లాంటి ఒక పొద్దున, చేతులకు జొన్నపిండితో, నా వైపు చూడకుండా అడిగింది. "నా పేరు గూడ ఉంటదా బుక్కుల?"

"ఎందుకుండదు? నేనే రాస్తున్న గదా."

"రాస్తె రాయి గని, అడుక్కతినేది అని రాయకు బిడ్డా. అర్థం గది గాదు."

అప్పుడు చెప్పింది. అంతవరకు నాకు కూడా ఎన్నడూ చెప్పలేదు. నేనూ అడగలేదు. ఊళ్లో వాళ్ల పేర్లన్నిటికీ అర్థాలు వెతికే దాన్ని, కన్నతల్లి పేరుకు అర్థం అడగలేదు.

"మా అవ్వకు నాకన్న ముందు ముగ్గురు పుట్టి పురిట్లనే పోయిన్రు. నేను పుట్టినంక అవ్వకు భయమై తొట్లె కట్టలె, పేరు పెట్టలె. ఇరవై ఒకటో నాడు నన్ను పాత గుడ్డల సుట్టుకోని, కొంగు జాపుకుంట తొమ్మిదిండ్లకు పోయింది. 'ఈ బిడ్డ నాది గాదు, మీది. మీరింత బిచ్చమేస్తె సాదుకుంట' అని అడిగింది. సాలెలోళ్లు, కుమ్మరోళ్లు, దూదేకులోళ్లు, పటేలోళ్లు, ఎవలు లేదనలె. ఇంటికొక్క పిడికెడు జొన్నలు పోసిన్రు. ఆ జొన్నలు ఇసిరి గటక కాసుకోని తాగి నాకు పాలిచ్చింది. ఒకామె ఇచ్చిన పాత చీర ముక్కే నా తొలి అంగి. గట్ల బిచ్చమ్మనైన. అప్పటి సంది ఆ తొమ్మిదిండ్లు నాకు తల్లిగారిండ్లే. నా పెండ్లికి తొమ్మిదిండ్లోళ్లు వచ్చి ఒడిబియ్యం పోసిన్రు. మొయ్యలేక నడుము వంగింది. ఏ పటేలు బిడ్డకన్న పోసిన్రా గట్ల?"

పెళ్లయిన ఆడపిల్ల ఒడిలో తల్లిగారు పోసే బియ్యం అది. ఎవరికైనా ఒక్క ఇంటి నుంచే వస్తుంది. మాడు వాసన వచ్చాక గాని అమ్మ పెనం మీది రొట్టె తిప్పలేదు.

ఆ రోజు షాపులో మొట్టమొదట రాసింది అదే. ఇప్పటికీ అప్పగించగలను. "బిచ్చమ్మ: తెలంగాణ పల్లెల పేరు. పుట్టిన పిల్లలు దక్కని తల్లి, తొమ్మిది ఇండ్లలో కొంగు జాపి తెచ్చుకున్న గింజలతో బతికించుకున్న ఆడపిల్ల. తొమ్మిది తల్లిగారిండ్లు ఉన్నది." ఆ పుస్తకం మొత్తంలో నేను నిఘంటువు చూడకుండా రాసిన నిజం అదొక్కటే.

సార్ ఎర్రపెన్ను తీశాడు. "ఇదేంది? ఎవలన్న ఇప్పుడు పిల్లకు బిచ్చమ్మని పెట్టుకుంటరా? బుక్కు నవ్వులపాలైతది. ఏ నిఘంటువుల ఉన్నది గీ అర్థం?"

నిఘంటువు! ఆ మాట ఆయన నోట్లోంచే వచ్చింది.

"మా అమ్మ చెప్పింది సార్."

"అమ్మలు చెప్పినవన్ని ఏస్తె బుక్కు గాదు, పంచాయితి అయితది" అని, ఒక్క గీతతో కొట్టేశాడు. అదే కట్టలో ణైరిక ఉంది. దాని పక్కన టిక్కు పెట్టాడు. ఆ రెండు కాగితాలూ నా చేతిలోనే ఉన్నాయి. నేనేమన్నాను? "సరే సార్" అన్నాను. సుదర్శనం సార్ మీద నాకున్న కోపం కొంత చల్లారి ఉంటుందేమో గాని, ఆ 'సరే సార్' మీద ఉన్న కోపం ఇప్పటికీ కుతకుత ఉడుకుతూనే ఉంది. ఆ కుర్చీలోంచి లేచి పోతే ఆకాశం విరిగి పడేదా? మరో జిరాక్స్ షాపు దొరక్కపోయేదా?

పుస్తకం అచ్చయి వచ్చిన రోజు ఒక కాపీ ఇంటికి తెచ్చాను. అమ్మ చేతులు కడుక్కుని, తుడుచుకుని, మళ్లీ కొంగుతో తుడుచుకుని, రెండు చేతులతో అందుకుంది. "యాడున్నది?" అంది. లేదని చెప్పాలనే అనుకుంటూ వచ్చాను, దారి పొడుగునా మాటలు కూర్చుకున్నాను. ఆ ముఖం చూశాక అవన్నీ పక్కన పెట్టేశాను. 'బ' పేజీ తీశాను. చదివాను. నేను రాసిన వాక్యాలన్నీ, ఆ పేజీలో లేని వాక్యాలన్నీ, ఆగి ఆగి చదివాను. అమ్మ ఒక వరుస మీద వేలు పెట్టి, "గిదేనా?" అంది. "గదే" అన్నాను. ఆ వేలి కింద ఉన్నది బిందుమాలిని. అమ్మ ఆ పేజీ మూల మడిచి, సందూకలో పెళ్లినాటి పట్టుచీర మడతల్లో పుస్తకం పెట్టుకుంది. అన్నకు, వదినకు చెప్పి, బయటపెట్టవద్దని ఒట్టు వేయించాను. పేరు మార్చి కార్డు వేయించినవాడు కదా, అన్న వెంటనే ఒప్పుకున్నాడు.

ఆ తర్వాత ఇంటికి ఎవరొచ్చినా సందూక తెరవడమే. పాలవాడి భార్య, కిరాయికి పైన ఉండేవాళ్లు, కూరగాయలామె. "గిది నాదే. నా బిడ్డె రాసింది" అని వేలు పెట్టి చూపేది, అర్థమంతా తనే అప్పగించేది. చాలామందికి చదవడం రాదు. చదవొచ్చిన ఒకరిద్దరు పుస్తకం వైపు చూడలేదు, ఆమె ముఖం చూసి తలూపారు. వేలు పెట్టీ పెట్టీ ఆ వరుస పక్కన నూనె మరక పడింది. ఆమె నడక కూడా మారింది. ఒక పొద్దున కంపెనీ సూపర్‌వైజర్‌ను నిలదీసి, "నా పేరు లక్ష్మి గాదు, బిచ్చమ్మ. బుక్కుల పడ్డది" అని చెప్పి, రిజిస్టర్‌లో మార్పించుకుని వచ్చింది. ఆ మాట ఆమె నవ్వుతూ చెప్తుంటే నేను కంచంలోకి చూస్తూ అన్నం కలుపుతూనే ఉన్నాను. అప్పుడైనా చెప్పొచ్చు. చెప్పలేదు.

అఖిల రెండో తరగతికి వచ్చింది. గోడల మీద రాతలు, బస్సుల మీద ఊర్లు, సబ్బు కాగితాలు, కనిపించినవన్నీ చదివే వయసు. ఒక ఆదివారం కంపెనీలో అమ్మతో పనిచేసే ఇద్దరు ఆడవాళ్లు వచ్చి వాకిట్లో కూర్చున్నారు. నేను లోపల తలకు నూనె పెట్టుకుంటున్నాను. "మా మనుమరాలు సదువుతది, ఇనుండ్రి" అన్న అమ్మ మాట వినపడింది. నూనె గిన్నె తన్నుకుంటూ బయటికి వచ్చేసరికి పిల్ల మొదలుపెట్టేసింది.

"బిం... దు... మాలిని. చుక్కల... దండ... ధరించినది."

"గది గాదు బిడ్డా. నా వేలు కింద సదువు."

"గదే సదివిన నానమ్మా. బిందుమాలిని."

అమ్మ వేలు ఒక వరుస కిందికి జరిగింది. పిల్ల ఇంకో పేరు చదివింది. పైకి జరిగింది. మరో పేరు. పేజీ మొత్తం అట్లా చదివించింది. చివరికి అఖిల ఏడుపు గొంతుతో, "నీ పేరు లేదు నానమ్మా" అంది. వచ్చిన ఆడవాళ్లలో ఒకామె, పొయ్యి మీద పప్పు పెట్టి వచ్చానని లేచింది. రెండో ఆమె కూడా లేచింది. అమ్మ పుస్తకం మూసి, మోకాళ్ల మీద పెట్టుకుని, గుమ్మంలో నిలబడ్డ నన్ను చూసింది.

"లేకుంటె లేదనాలె. నేనేమన్న కొడ్తునా?" అంది. పుస్తకాన్ని కొంగుతో తుడిచి, "లేని పేర్లకు అర్థాలు రాస్తివి. ఉన్న పేరుకు రాయకపోతివి" అంది.

అంతే. తిట్టలేదు, ఏడవలేదు. మర్నాడు పొద్దున రొట్టెలు చరిచింది, చాయ పెట్టింది, నా డబ్బా కట్టింది. ఏ పేరుకు అర్థం దొరికిందని మాత్రం అడగలేదు. ఆ రోజే కాదు, పోయేదాకా అడగలేదు. కొన్నాళ్లకు కంపెనీలో మళ్లీ లక్ష్మి అయిందని వదిన చెప్పింది. నేను నెల తిరక్కుండా షాపు మానేశాను, ఒక బడిలో తెలుగు చెప్పడానికి చేరాను. మానేసిన సంగతి అమ్మతో చెప్తే "మంచిది" అంది.

తెలంగాణ రాష్ట్రం రాకముందే అమ్మ పోయింది. రాష్ట్రం వచ్చిన కొత్తలో, ఉప్పల్ రోడ్డు మీద మెట్రో స్తంభాలు లేస్తున్న రోజుల్లో, సుదర్శనం సార్ దగ్గర్నుంచి ఫోన్ వచ్చింది. "స్వరూపా, కొత్త బుక్కు ఏస్తున్న. మన యాస, మన పేర్లు. ఇప్పుడు గిరాకి దానికే. అప్పట్ల బిచ్చమ్మ అని ఏదో రాసినవు గదా, జర పంపు."

"మా అమ్మ బతికున్నప్పుడు లేని పేరు ఇప్పుడెట్ల పుట్టింది సార్?" అన్నాను. రోడ్డు మీద ఉన్నాననైనా చూసుకోకుండా ఇంకా చాలా అన్నాను. ఆ రోజు చెప్పాల్సిన మాటలన్నీ, ఏళ్లు ఆలస్యంగా, ఫోన్ పెట్టేసిన మనిషితో అన్నాను. ఆయన ఆగలేదు, తనే వేసుకున్నాడు. ఆ పుస్తకం ఒక షాపులో తిరగేసి చూశాను. "బిచ్చమ్మ: సంస్కృతం. భిక్షాంబ. అన్నపూర్ణాదేవి రూపం." అన్నపూర్ణట! మా అమ్మమ్మ చాపిన కొంగు ఏది? దూదేకులోళ్ల పిడికెడు జొన్నలు ఏవి? సిగ్గు పడ్డ రోజుల్లో ఆ పేరును కొట్టేశారు. గర్వం వచ్చిన రోజుల్లో స్నానం చేయించి, పట్టుబట్ట కట్టి, కిరీటం పెట్టారు. ఉన్నదాన్ని ఉన్నట్టు ఉండనివ్వడం మాత్రం అప్పుడూ చేతకాలేదు, ఇప్పుడూ చేతకాలేదు. అప్పట్లో మా అబద్ధం ఒక గులాబి కాగితమెక్కి నాచారం దాకా పోయేది. ఇప్పుడు ఒకడు రాసింది ఇంకొకడు ఎత్తి రాసుకుని, ఎవడూ ఒక్క నిఘంటువు తెరవకుండా, పొద్దుగూకేలోగా ప్రతి బాలింత చేతిలోకి వస్తోంది. దాన్ని సరిచూసే పని ఎవరికీ లేదు.

ఇవన్నీ తలుచుకుంటూ ఎంతసేపు ఆ సందూక మీద కూర్చున్నానో. లేచి మూత ఎత్తాను. కలరా ఉండల వాసన, పట్టుచీర, దాని మడతల్లో పుస్తకం. ఆ ఆదివారమే చించి పొయ్యిలో వేసి ఉంటుందనుకున్నాను ఇన్నాళ్లూ. లేదు. పేజీ మూల మడత అట్లాగే ఉంది. బిందుమాలిని పక్కన నూనె మరక అట్లాగే ఉంది. బ్యాగులోంచి పెన్ను తీసి, ఆ మరక పక్కన ఖాళీలో, అప్పట్లో సార్ కొట్టేసిన వాక్యాలు అక్షరం పొల్లుపోకుండా రాశాను.

గదిలోకి పోయి అఖిలతో మొత్తం చెప్పాను. ణైరికను కుట్టింది నేనేనని చెప్పగానే ముందు నవ్వింది. "నువ్వు పెట్టిందైతె ఇంకా మంచిదే గదా అత్తా!"

"మంచిది గాదు. పెట్టుకుంటె పెట్టుకో, నీ బిడ్డ నీ ఇష్టం. పురాణాలల్ల ఉన్నదని మాత్రం దానికి చెప్పకు. మా మేనత్త ఉప్పల్‌ల కూసోని ఎర్రమన్ను పేరు కోసి కుట్టింది అని చెప్పు."

అప్పుడు నా చేతిలో పుస్తకం చూసింది. నవ్వు ఆగిపోయింది. అట్టను వేలితో తాకింది.

"ఆ రోజు నేను సదవకపోతె బాగుండు అత్తా. నేనే నానమ్మ ఇజ్జత్ తీసిన. ఇన్నేండ్ల సంది గదే అనుకుంటున్న."

నాకు వచ్చిన కోపం అంతా ఇంతా కాదు. రెండో తరగతి పిల్ల నెత్తిన ఇంత బరువు పెట్టి, ఇన్నేళ్లుగా ఒక్కరం కూడా దించలేదు.

"నువ్వు తీసినవా? ఆ ఇంట్ల పెద్దోళ్లం అందరం అబద్ధమాడినం బిడ్డా. ఉన్నది ఉన్నట్టు సదివింది నువ్వొక్కదానివే. ఇగో, ఇప్పుడు సదువు."

మడిచిన పేజీ తెరిచి ఆమె ముందు పెట్టాను. ఒక చేత్తో పిల్లను పట్టుకుని, రెండో చేతి వేలు ఆ నూనె మరక మీద ఆనించి, అఖిల చదవడం మొదలుపెట్టింది. బిచ్చమ్మ. తెలంగాణ పల్లెల పేరు. తొమ్మిది తల్లిగారిండ్ల దగ్గరికి వచ్చేసరికి ఆగింది.

"ఆగకు. మొదటి నుంచి సదువు, గట్టిగ" అన్నాను. వినాల్సిన మనిషి ఆ గదిలో లేదు.